అలకమ్మ చుక్కకు సంజాయిషీ తాఖీదు

మా రాష్ట్రానికి పక్షి ఉంది, జంతువు ఉంది, చెట్టు, పువ్వు, చేప ఉన్నాయి. వీటి వ్యవహారాలు చూడటానికి రాష్ట్ర చిహ్నాల సంచాలక కార్యాలయం అని ఒకటుంది. అందులో నేను సూపరింటెండెంటుని. వ్యవహారాలంటే పక్షికి గింజలు వేయడం, చెట్టుకు నీళ్లు పోయడం అనుకునేరు. అవి వేరే శాఖల పనులు. వాళ్లు చేస్తే చేస్తారు, లేకపోతే లేదు. మాది గౌరవం కాపాడే పని. రాష్ట్ర పక్షి బొమ్మను ఎవరైనా చెప్పుల పెట్టె మీద వేస్తే తాఖీదు పంపుతాం. ఆ పక్షిని మా కార్యాలయంలో ఇంతవరకూ ఎవరూ కళ్లతో చూడలేదు. అయినా దాని గౌరవానికి మచ్చ రానివ్వలేదు.

ఇలా చల్లగా సాగిపోతున్న మా బతుకుల్లోకి ఒక సీతాకోకచిలుక వచ్చింది. మా మంత్రి దండు వీరభద్రం గారు పొరుగు రాష్ట్రంలో ఏదో సభకు వెళ్లి, వాళ్లకు రాష్ట్ర సీతాకోకచిలుక కూడా ఉందని తెలుసుకుని, మొహం మాడ్చుకుని తిరిగొచ్చారు.

"ఏటండీ ఇది? ఆళ్లకి సీతాకోకచిలక ఉందంట, మనకి లేదంట. అసెంబ్లీలో ఎవడైనా లేచి అడిగితే నానేటి సెప్పాల?" అన్నారు.

మా సంచాలకులు చతుర్భుజరావు గారు కుర్చీ అంచుకి జరిగారు. ఆయన ఫైళ్లు రాసే భాషలోనే మాట్లాడతారు. ఇంట్లో ఉప్పు కావాలన్నా అలాగే అడుగుతారని వాళ్లావిడ ఒకసారి మా ఆవిడతో చెప్పి బాధపడ్డారు.

"సీతాకోకచిలుక అనునది పురుగు స్థాయి సార్. మనము అంతకన్న ఉన్నత స్థాయిలో ఆలోచించుట సముచితము. భూమిపై గలవన్నియు ఎవరో ఒకరు తీసుకొనియున్నారు. ఆకాశము మాత్రము ఇంకనూ ఖాళీగానే యున్నది" అన్నారు.

అలా మా రాష్ట్రానికి ఒక నక్షత్రం కావలసి వచ్చింది.

నక్షత్రాన్ని ఎంపిక చేయడానికి ఒక ఉపసంఘం కూర్చుంది. ఎక్కువ వెలుగున్న చుక్కలన్నీ దేశం మొత్తానికీ కనిపిస్తాయి కాబట్టి వాటిలో మన ప్రత్యేకత ఏమీ లేదని తీసేశారు. మరీ వెలుగు లేనివి ఫొటోలో పడవని తీసేశారు. కథ లేని చుక్క జనానికి గుర్తుండదన్నారు. చివరికి మిగిలింది గువ్వలమెట్ట మీద సాయంత్రంపూట ఎర్రగా కనిపించే అలకమ్మ చుక్క. ఆ చుట్టుపక్కల పల్లెలవాళ్లు తప్ప దాన్ని ఆ పేరుతో ఇంకెవరూ పిలవరు. దానికి మంచి కథ కూడా ఉంది.

అలకమ్మ ఆరుగురు అన్నల చెల్లెలు. పెద్దన్న పెళ్లిలో భోజనాల బంతి సాగుతోంది. అందరి విస్తళ్లలో బూరెలు వడ్డించుకుంటూ వచ్చి, ఆ పిల్ల దగ్గరికి వచ్చేసరికి బుట్ట ఖాళీ అయింది. "దానికి తర్వాత పెడదాంలే, ఇంట్లో పిల్లేగా" అన్నారెవరో. తర్వాత ఎవరికీ గుర్తులేదు. ఆ పిల్ల ఆకు ముందునుంచి లేచి, ఒక్క మాటైనా అనకుండా కొండెక్కి, కొండమీంచి ఆకాశమెక్కి కూర్చుంది. అప్పట్నుంచి బుద్ధి పుడితే మొహం చూపిస్తుంది, లేకపోతే చెంగు కప్పుకుంటుంది.

చుక్క మసకబారిన సాయంత్రం ఆ ఊళ్లలో ఇంటింటా దీపాలు ఆర్పేస్తారు. ఇంట్లో ఎవరు అలిగి ఉంటే వాళ్లను ముందుగా పిలిచి విస్తరి వేస్తారు. పక్కనే ఖాళీ పీట ముందు ఇంకో విస్తరి వేసి, బూరె పెట్టి, "అలకమ్మ తల్లీ, నీకే ముందు వడ్డించాం, రావమ్మా" అని పిలుస్తారు. చీకట్లోనే ఎందుకంటే, అలిగి వెళ్లిన మనిషి నలుగురూ గుడ్లప్పగించి చూస్తుండగా తిరిగి రాదట. ఎవరు పెట్టారో గానీ మనుషుల సంగతి బాగా తెలిసినవాళ్లు పెట్టిన ఆచారం.

ఉపసంఘం ఆచారం వరకూ చదవలేదు. కథ ఉందా లేదా అన్నంతవరకే వాళ్ల పని. ఉత్తర్వు వెలువడింది, చిహ్నం గీయించారు, ఊరూరా గోడలమీద ఎర్రచుక్క వెలిసింది. సరిగ్గా అప్పుడే డాక్టర్ పసుమర్తి మాండవి మా కార్యాలయానికి వచ్చారు.

మాండవి గారు గువ్వలమెట్ట మీదున్న వేధశాలలో శాస్త్రవేత్త. ఆ వేధశాలలో ఒక పెద్ద టెలిస్కోపు, దానిమీద తెరుచుకునే గుమ్మటం, ఈవిడ తప్ప ఇంకేమీ లేవు. చదువు అయిపోయిన దగ్గర్నుంచి ఆవిడ ఆ ఒక్క చుక్కనే చూస్తున్నారు. పెళ్లి సంబంధాలు వచ్చినప్పుడు కూడా, సాయంత్రాలు ఖాళీ ఉండదని చెప్పేసేవారట.

"మీరు ప్రకటించింది అస్థిర నక్షత్రమండీ" అన్నారు ఆవిడ.

చతుర్భుజరావు గారి చేతిలో కాఫీ గ్లాసు ఆగిపోయింది. లేచి వెళ్లి గది తలుపు మూసి వచ్చారు.

మీకు మా రాష్ట్ర రాజకీయాలు కొంచెం చెప్పాలి. అప్పటి ప్రభుత్వం రెండు ఓట్ల తేడాతో నిలబడి ఉంది. పదవులు రాలేదని అలిగిన శాసనసభ్యులు వారానికొక హోటల్లో సమావేశమవుతున్నారు. అస్థిరం అన్న మాట సచివాలయంలో ఎవరూ నోటితో అనేవారు కాదు. కుర్చీ కాలు కదులుతున్నా "సర్దుబాటు దశలో ఉంది" అని రాసేవాళ్లం.

"అమ్మా, అట్టి పదము మీ నోటివెంట ఎటుల వచ్చినది? రాష్ట్ర నక్షత్రమే అస్థిరమైనచో ప్రభుత్వము సంగతి ప్రజలు ఏమనుకొందురు?" అన్నారు సంచాలకులు గొంతు తగ్గించి.

"ప్రభుత్వం సంగతి నాకు తెలీదండీ. చుక్క సంగతి చెప్తున్నాను. దాని కడుపులో నిప్పు ఎగదన్నుతోంది. పైపొరలు ఆపలేకపోతున్నాయి. ఉబ్బుతుంది, మసి కక్కుతుంది, ఆ మసి వెనక మొహం దాక్కుంటుంది. మసి చెదిరితే మళ్లీ వెలుగు. దానికో పద్ధతీ లేదు, వేళా లేదు. ఈమధ్య మసకబారడం మరీ ఎక్కువైంది. త్వరలో బద్దలవుతుంది."

"త్వరలో అనగా?"

"రేపు కావచ్చు. ఏడాదికి కావచ్చు. అసలు అది బద్దలై కొన్ని వందల ఏళ్లు అయ్యుంటుంది. ఆ వెలుగు మన దగ్గరికి రావాలి కదండీ, అదింకా దారిలో ఉంది. ఇలాంటి చుక్క బద్దలైన మొదటి గంటను ఇంతవరకూ ఎవరూ చూడలేదు. ఆ వెలుగు ఎలా లేస్తుందో కొలిస్తే లోపల ఏం జరిగిందో తెలుస్తుంది. ఆ తర్వాత ఎంత చూసినా తెలీదు. నాకింకేమీ వద్దు. కొండమీద చీకటి ఉండనివ్వండి. గుమ్మటం తలుపులు తెరుచుకోనివ్వండి. అంతే."

ఇంత చిన్న కోరికతో మా కార్యాలయానికి ఎవరూ వచ్చిన గుర్తు లేదు. అందుకే దాన్ని ఎలా పరిష్కరించాలో మాకు తెలియలేదు.

ఆ వారమే ఇంకో ఉత్తర్వు వెలువడింది. "విస్తృత ప్రజాప్రయోజనములను దృష్టియందుంచుకొని, సదరు నక్షత్రమును స్థిరమైనదిగా భావించుటకు ప్రభుత్వము నిర్ణయించినది" అని. ఎంత వెలగాలో కూడా అందులోనే మంజూరు చేశాం. ఎక్కువా తక్కువా కాకుండా, గోడలమీద వేసిన చుక్కకు సరిపడేటంత. మాండవి గారు రోజూ పంపే కొలతలు మంజూరైన వెలుగుకు లోబడి ఉండాలని తెలియజేశాం. ఆవిడ మాత్రం ఉన్నది ఉన్నట్టే పంపేవారు. "నిన్న తగ్గింది." "ఇవాళ ఇంకా తగ్గింది." మేము వాటిని "మంజూరుకు లోబడి లేనందున తిప్పి పంపడమైనది" అని ముద్ర కొట్టి తిప్పి పంపేవాళ్లం. ఆ ముద్ర కొత్తగా చేయించింది, చాలా చక్కగా పడేది.

ఉత్తర్వు చదవని చుక్క పూర్తిగా కనిపించడం మానేసింది.

అదీ ఎప్పుడనుకున్నారు? మొట్టమొదటి రాష్ట్ర నక్షత్రోత్సవం దగ్గరపడుతుండగా. ప్రతిపక్షంవాళ్లు ఊరుకుంటారా? "మొహం చూపించలేని ప్రభుత్వానికి మొహం చూపించలేని చుక్క" అని ఊరేగింపులు తీశారు. మంత్రిగారు మా సంచాలకుల మీద మండిపడ్డారు. సంచాలకులు నామీద మండిపడ్డారు. నాకింద ఎవరూ ఖాళీగా లేకపోవడంతో చుక్కమీద మండిపడటం తప్పలేదు.

చుక్కకి తాఖీదు తయారుచేశాం. "రాష్ట్ర చిహ్నముగా నియమితులైయుండి, పూర్వానుమతి లేకుండ విధులకు గైరుహాజరైనందుకు మీపై ఏల చర్య తీసికొనరాదో లిఖితపూర్వకముగ సంజాయిషీ ఇచ్చుకొనవలెను" అన్నది దాని సారాంశం. రాయడంలో ఇబ్బంది లేదు, అచ్చు ఎప్పుడూ రాసేదే. అందజేయడం దగ్గరే సమస్య వచ్చింది.

"నిబంధన స్పష్టముగా యున్నది. ఆసామి అందుబాటులో లేనిచో కడపటిసారి కనబడిన చోట అంటించవలెను. అది కడపటిసారి ఎచ్చట కనబడినది?" అన్నారు చతుర్భుజరావు గారు.

"గువ్వలమెట్ట గుమ్మటం తలుపుల సందులోంచి సార్."

"అచ్చటనే అంటించుడు."

నేను మైదా జిగురు డబ్బా పట్టుకుని కొండెక్కాను. గుమ్మటానికి రెండు పెద్ద రేకు తలుపులుంటాయి, అవి రెండు పక్కలకీ జరిగితే మధ్యలోంచి టెలిస్కోపు ఆకాశాన్ని చూస్తుంది. ఆ రెండు తలుపులూ కలిసేచోట, నిచ్చెన వేసుకుని, తాఖీదు అంటించాను. జిగురు దండిగా రాశాను, ప్రభుత్వ సొమ్ము కదా.

కిందనుంచి మాండవి గారు అడిగారు. "సూపరింటెండెంటు గారూ, అలా అడ్డంగా అంటిస్తే నేను తలుపులు తెరిచేదెలా?"

"తాఖీదు చిరగకుండా తెరవగలిగితే మాకేం అభ్యంతరం లేదండీ. చిరిగితే మాత్రం నేరం."

"ఇది చీకటవుతున్నది మసివల్లండీ. ఇంత మసి ఎప్పుడూ లేదు. ఏ సాయంత్రమైనా పోవచ్చు. నేనీ గుమ్మటం ఒక్క పూట మూసినా..." ఆవిడ తాఖీదువైపు చెయ్యి చూపించారు. "ఎప్పటిదాకా ఉంచుతారు?"

"ఆసామి జవాబిచ్చేవరకూ అండీ."

ఆవిడ నా మొహంలోకి చూశారు, నేను పరిహాసం ఆడుతున్నానేమోనని. నేను ఆడటం లేదు. తాఖీదు కాపలాకి ఇద్దరు కానిస్టేబుళ్లను పెట్టి దిగి వచ్చాను.

గడువు దాటినా చుక్క సంజాయిషీ ఇవ్వలేదు. ఇక సస్పెండు చేయడమే మిగిలిందని చతుర్భుజరావు గారు సిద్ధమవుతుంటే మంత్రిగారు అడ్డుపడ్డారు.

"సస్పెండేటండీ, బుర్రుందా? రాష్ట్ర చిహ్నాన్ని సస్పెండు సేస్తే మనకే అప్రతిష్ఠ. అలిగిన సుక్కని బతిమాలాల. మన ఇళ్లలో అలకపాన్పు లేదా? పెళ్లిలో అల్లుడు అలిగి మంచమెక్కి కూకుంటే ఏటి సేస్తాం? కొండమీద ఓ పెద్ద పందిరి మంచం ఎయ్యించండి. నక్షత్రోత్సవం అక్కడే. నానే స్వయంగా బతిమాల్తాను."

ఏర్పాట్లకి సమావేశం వేధశాల వరండాలోనే పెట్టారు. ఆచారం తెలిసినవాళ్లు ఒకరుండాలని కొండకింది గువ్వలమెట్ట ఊళ్లోంచి పైడమ్మ అనే పెద్దావిడని పిలిపించారు. మాండవి గారికి రోజూ భోజనం పంపేది ఆవిడే. పైడమ్మ అంతా విని చెంగుతో మొహం తుడుచుకుంది.

"ఏటి బాబూ, అలకపాన్పు అల్లుడికి గదా? అలకమ్మ ఆడపడుసు. అల్లుడు బండి కావాల, ఉంగరం కావాల అని అలుగుతాడు. ఆడపడుసు ఏటీ అడగదు. తనని మర్సిపోనారని అలుగుతాది."

"మరయితే ఏటి సెయ్యాలంటావు?"

"దీపాలు ఆర్పీయండి. ముందు మీ ఇంట్లో అలిగినోల్లెవరో సూసి ఆల్లకి ఇస్తరెయ్యండి. అప్పుడు తల్లిని పిలవండి."

మంత్రిగారి మొహం వెలిగింది. "మన ఇంట్లో అలిగినోళ్లా! ఉన్నారు కదండీ!" అని వేళ్లు మడుస్తూ శాసనసభ్యుల పేర్లు లెక్కపెట్టడం మొదలుపెట్టారు. రెండు చేతులూ సరిపోలేదు. "ఆళ్లందరినీ పిలుద్దాం. సుక్క పేరు సెప్పి ఆళ్ల అలకా తీర్సేద్దాం. అద్భుతంగా ఉందండీ ఆచారం!"

పైడమ్మ వరండా చివర స్తంభానికి ఆనుకుని నిలబడ్డ మాండవి గారివైపు చూపించి, "నానన్నది ఈ బిడ్డ..." అని ఏదో చెప్పబోయింది. అప్పటికే అందరూ మంచాల లెక్కలో పడ్డారు. ఒకటి అనుకున్న అలకపాన్పు పన్నెండైంది.

దీపాలు ఆర్పమన్న మాట మటుకు ఎవరికీ రుచించలేదు. మంత్రి వేదిక మీద ఉండగా దీపాలు ఆర్పితే భద్రత ఎలా? టీవీవాళ్లు ఎలా తీస్తారు? అందుకని కొండ నలువైపులా ఫ్లడ్‌లైట్లు పెట్టారు. చెట్లకి సీరియల్ బల్బులు చుట్టారు. ఒకవేళ చుక్క ఎంతకీ రాకపోతే పరువు పోకుండా, పెద్ద గాలిబుడగకి ఎర్ర బల్బు కట్టి చుక్క ఉండే చోటికి సరిగ్గా ఎగరేసి ఉంచాలని చతుర్భుజరావు గారు ఆలోచన చేశారు. దానికి ఇన్‌చార్జి నక్షత్రం అని పేరు పెట్టారు.

ఉత్సవం రోజు ఉదయం మాండవి గారు నా దగ్గరికి వచ్చారు. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"లైట్లు పెట్టుకోండి, మైకులు పెట్టుకోండి. ఎలాగో ఒకలా కొలుచుకుంటాను. ఆ కాగితం ఒక్కటి తీయించండి."

"నా చేతిలో లేదండీ" అన్నాను. నిజంగానే నా చేతిలో లేదు. నా చేతిలో ఉన్నదల్లా జిగురు డబ్బా.

పొద్దు వాలింది. పన్నెండు పందిరి మంచాలమీద పన్నెండుమంది శాసనసభ్యులు అటు తిరిగి కూర్చున్నారు. వాళ్లకి అలగడం నేర్పనక్కర్లేకపోయింది. ఎర్ర బల్బు గాలిబుడగ పైకి లేచింది. మంత్రిగారు మైకు అందుకుని, "అమ్మా అలకమ్మా, రాష్ట్ర ప్రజల తరఫున..." అని మొదలుపెట్టి, ఒక్కో మంచం దగ్గరికీ వెళ్లి చెవిలో ఏదో చెప్పి వస్తున్నారు. మూడో మంచం మీది ఆయన కొంచెం ఇటు తిరిగారు.

అప్పుడు గాలిబుడగ పక్కన ఇంకో ఎర్ర చుక్క కనిపించింది. ముందు ఎవరూ పట్టించుకోలేదు. చూస్తుండగానే అది నారింజ రంగుకి మారి, తెల్లబడి, ఇన్‌చార్జి బల్బు వెలవెలబోయేంతగా పెరిగింది. ఫ్లడ్‌లైట్లు వెలుగుతుండగానే మా అందరికీ ఇంకో నీడ పడింది. మంత్రిగారి ఉపన్యాసం నోట్లోనే ఉండిపోయింది. మంచాలమీద అటు తిరిగినవాళ్లంతా ఇటు తిరిగారు. పుట్టి బుద్ధెరిగాక అంత అందమైనది నేను చూడలేదు, భయం కూడా వేసింది.

"వచ్చేసింది! అలక తీరిపోయింది!" అని మంత్రిగారు కేక పెట్టారు. బాజాలు మోగాయి.

మాండవి గారు గుమ్మటం వైపు పరుగెత్తారు. నేనూ, చతుర్భుజరావు గారూ వెనకాలే వెళ్లాం. కానిస్టేబుళ్లు నిచ్చెనకి అడ్డం నిలబడ్డారు.

"కాగితం ముట్టుకోకండి మేడమ్. మా ఉద్యోగాలు పోతాయి" అన్నాడు ఒకాయన. బెదిరించినట్టు కాదు, బతిమాలినట్టే.

"సార్, చుక్క కనిపించింది కదా! హాజరైంది! ఆ తాఖీదుకి ఇంకేం జవాబు కావాలి? ఇది మొదటి గంట సార్, ఇది మళ్లీ రాదు!"

చతుర్భుజరావు గారు ఆకాశంవైపు చూశారు. తాఖీదువైపు చూశారు. ఆ వెలుగులో తాఖీదులోని అక్షరాలన్నీ కిందనుంచే చదవగలుగుతున్నాం.

"హాజరగుట వేరు, సంజాయిషీ వేరు. సంజాయిషీ లిఖితపూర్వకముగ ఉండవలెనని అందులోనే యున్నది. అయినను మీ అభ్యర్థన న్యాయమైనది. పై అధికారులకు సిఫారసు చేసెదను" అన్నారు. ఆయన మనసు కరిగిందనే చెప్పాలి, ఎందుకంటే సిఫారసు ఆ వారంలోనే పంపారు.

మాండవి గారు నిచ్చెన మొదట్లో మెట్టుమీద కూర్చుండిపోయారు. చేతిలో ఏ పరికరమూ లేదు. లైట్ల మిరుమిట్లకి అరచెయ్యి అడ్డుపెట్టుకుని, ఉత్త కళ్లతో పైకి చూస్తూ ఏడ్చారు. ఒక మనిషి బతుకంతా ఎదురుచూసింది తలమీదే జరుగుతుంటే, మధ్యలో ఉన్నది నేను అంటించిన కాగితం. పైడమ్మ వచ్చి పక్కన కూర్చుని ఆవిడ వీపు నిమిరింది. కింద బాజాలు ఆగలేదు.

తాఖీదు తొలగించడానికి అనుమతి వచ్చేసరికి చుక్క వెలుగు తిరుగుముఖం పట్టింది. మాండవి గారు తగ్గడాన్ని కొలిచారు. లేవడాన్ని ఎవరూ కొలవలేదు. పెద్ద టెలిస్కోపులున్న మిగతా దేశాల్లో ఆ వేళప్పుడు పగలట.

కొన్నాళ్లకి చుక్క పూర్తిగా పోయింది. ఈసారి అలక కాదు, అక్కడ చుక్కే లేదు. అది బద్దలై వందల ఏళ్లయిందని మాండవి గారు మొదట్లో చెప్పిన మాట మంత్రిగారికి ఎవరో గుర్తుచేశారు. ఆయన వెంటనే పత్రికలవాళ్లను పిలిచి, ఈ దుర్ఘటన గత ప్రభుత్వాల హయాంలోనే జరిగిందని, తాము వార్తను మాత్రమే వారసత్వంగా పొందామని ప్రకటించారు.

అయితే రాష్ట్ర నక్షత్రం ఉద్యోగం ఖాళీగా ఉండకూడదు. గాలిబుడగకి కట్టిన ఎర్ర బల్బుకి పూర్తి అదనపు బాధ్యతలు అప్పగించాం. గుమ్మటం పక్కనే పెద్ద ఇనుప స్తంభం పాతి దాని కొసన బిగించాం. పొద్దు వాలగానే వెలుగుతుంది, తెల్లవారేదాకా కొండంతా ఎర్రగా ఉంటుంది. చుక్క ఉన్నచోట ఇప్పుడేముందో చూద్దామంటే మాండవి గారి టెలిస్కోపులోకి ఆ ఎరుపు తప్ప ఇంకేమీ రాదు. పోయిన చుక్క మిగిల్చిన పొగలాంటిది అక్కడ ఉండి ఉంటుందని, దాన్ని చూసినా లోపలి సంగతి కొంత తెలుస్తుందని ఆవిడ రాశారు. మేము జవాబుగా, ఇకమీదట ఇన్‌చార్జి నక్షత్రం కొలతలు రోజూ పంపవలసిందని ఆదేశించాం.

ఆవిడ ఎదురు చెప్పలేదు. అంత పెద్ద టెలిస్కోపునీ కిందికి వంచి, బల్బుకి గురిపెట్టి, శ్రద్ధగా కొలిచి పంపడం మొదలుపెట్టారు. గువ్వలమెట్టలో కరెంటు ఎలా ఉంటుందో ఆ ఊరివాళ్లకి తెలుసు. మాకు తెలియదు.

"నిన్న సాయంత్రం ఇన్‌చార్జి నక్షత్రం మూడుసార్లు పూర్తిగా ఆరిపోయింది. రెండుసార్లు మిణుకుమిణుకుమంది. ఒకసారి ఉన్నట్టుండి రెట్టింపు వెలిగింది. దీనికో పద్ధతీ లేదు, వేళా లేదు. నా శాస్త్రీయ అభిప్రాయం ప్రకారం ఇది అస్థిర నక్షత్రం" అని వచ్చింది నివేదిక.

చతుర్భుజరావు గారికి ముచ్చెమటలు పోశాయి. బయట చూస్తే నాలుగో మంచం మీది శాసనసభ్యుడు మళ్లీ అలిగాడని వార్త.

"క్రితముసారి మనము ఆలస్యము చేసితిమి. ఈసారి సకాలములో చర్య తీసికొనవలెను. తాఖీదు సిద్ధము చేయుడు. కడపటిసారి కనబడిన చోట అంటించుడు. కాపలా మరువకుడు" అన్నారు.

నేను మళ్లీ మైదా జిగురు డబ్బా పట్టుకుని సాయంత్రానికి కొండెక్కాను. నేను వెళ్లేసరికి కరెంటు పోయి ఉంది. బల్బు స్తంభం కొసన చాలా ఎత్తులో ఉంది, నిచ్చెన అందదు. అంచేత బల్బు చిరునామా స్తంభం మొదట్లో ఉన్న స్విచ్చు పెట్టే అని నిర్ణయించుకున్నాను. నిబంధనల్లో దానికి అడ్డేమీ కనపడలేదు. స్విచ్చు ఆపేశాను. పెట్టె మూత మూశాను. మూతకీ పెట్టెకీ కలిపి, సందు లేకుండా, అడ్డంగా తాఖీదు అంటించాను. జిగురు రెండుసార్లు రాశాను. పాత కానిస్టేబుళ్లిద్దరూ వచ్చి చెరోవైపు నిలబడ్డారు.

మాండవి గారు వరండాలోంచి దిగివచ్చి పెట్టెను చూశారు, నన్ను చూశారు.

"ఇంక దీపం వేయడానికి ఉండదా?" అన్నారు.

"తాఖీదు చిరగకుండా వేయగలిగితే అభ్యంతరం లేదండీ. చిరిగితే నేరం."

"ఎప్పటిదాకా?"

"ఆసామి లిఖితపూర్వకంగా జవాబిచ్చేవరకూ."

ఆవిడ నవ్వారు. నవ్వుతూనే వెళ్లి గుమ్మటం తలుపులు తెరిచారు. కరెంటు లేదు కాబట్టి చేత్తోనే గిలక తిప్పుకున్నారు, ఒక కానిస్టేబులు సాయం పట్టాడు. చాలాసేపు కంటికి ఆనించి చూసి నన్ను పిలిచారు. చుక్క ఉన్నచోట సన్నటి పొగ ఉంగరం. చాలా పల్చగా, నిలకడ లేకుండా ఉంది.

"మొదటి గంట పోయింది. అది నాకు జన్మంతా బాధే. ఇదైనా దక్కింది" అన్నారు.

కొండకింద పైడమ్మ వాళ్ల ఊరంతా చీకటిగా ఉంది. కాసేపటికి కరెంటు వచ్చినా ఎవరూ దీపం పెట్టలేదు. పైడమ్మ బూరెల గిన్నె నెత్తిన పెట్టుకుని పైకి వచ్చి, వరండాలో ఖాళీ పీట ముందు ఒక విస్తరి, దాని పక్కన ఇంకొకటి వేసింది. "రా బిడ్డా, నీకే ముందు" అని మాండవి గారిని కూర్చోబెట్టింది. ఆ తర్వాతే పైకి చూసి, లేని చుక్కని పేరుపెట్టి పిలిచింది.

ఇది జరిగి చాలాకాలమైంది. ప్రభుత్వం కూడా మారింది. తాఖీదు అలాగే ఉంది, బల్బు నుంచి ఇంతవరకూ జవాబు రాలేదు. నేనూ రిమైండరు పంపలేదు.